తమ్ముడి బెయిల్: ముందు రిమాండ్ తేదీ చూడండి

ప్రశ్న: మాది గాజువాక. తమ్ముడికి 22 ఏళ్లు, మొబైల్ రిపేరు షాపులో పని. బీచ్ రోడ్డులో రాత్రి ఒకాయన్ని కొట్టి ఫోను, గొలుసు లాక్కున్నారని స్నేహితుడితో పాటు వీడినీ అరెస్టు చేశారు. ఆయన చేతికి దెబ్బ తగిలిందట. మావాడు ఆ టైముకి షాపులోనే ఉన్నాడు. దాదాపు రెండు నెలలుగా జైల్లో ఉన్నాడు, ఒకసారి బెయిల్ కొట్టేశారు. అమ్మ అన్నం ముట్టడం లేదు. ఫిర్యాదుదారుకి రెండు లక్షలిచ్చి రాజీ పడమంటున్నారు. ఏం చేయాలి?

జవాబు: అమ్మా, మీ ఉత్తరమంతటిలో నాకు కావలసిన మాట ఒక్కటే, దాన్నీ మీరు "దాదాపు" అని రాశారు. మేజిస్ట్రేటు మొదటిసారి రిమాండ్‌కి పంపిన తేదీ ఏది? కేసు ఏ సెక్షన్ కింద పెట్టారు? తమ్ముడు జైల్లో ఉండగా ఇంట్లో ఎవరి దగ్గరా ఎఫ్‌ఐఆర్ కాపీ, రిమాండ్ రిపోర్ట్ లేకపోతే అది చాలా పెద్ద పొరపాటు.

పాత ఐపీసీ స్థానంలో వచ్చిన భారతీయ న్యాయ సంహితలో మామూలు దోపిడీకి 309(4), పదేళ్ల వరకు శిక్ష. దోపిడీలో గాయం చేస్తే 309(6), జీవిత ఖైదు దాకా వెళ్తుంది, పైగా దెబ్బ కొట్టింది స్నేహితుడే అయినా కలిసి చేసినవాళ్లందరికీ అదే వర్తిస్తుంది. మీరు తేలిగ్గా రాసిన ఆ చేతి దెబ్బ అందుకే ముఖ్యం. 309(6) ఉంటే పోలీసులకి ఛార్జిషీట్ వేయడానికి 90 రోజులు. 309(4) ఒక్కటే ఉంటే, కనీస శిక్ష పదేళ్లని లేదు కాబట్టి 60 రోజులే అని 2017లో రాకేశ్ కుమార్ పాల్ కేసులో సుప్రీంకోర్టు చెప్పిన లెక్క. ఈ గడువులు చెప్పే కొత్త చట్టం, భారతీయ నాగరిక సురక్షా సంహితలో పదాలు కాస్త మారాయి కాబట్టి ప్రాసిక్యూషన్ 90 అని వాదించవచ్చు, ఆ తీర్పు జతచేసి పిటిషన్ వేయించండి.

గడువులోపు ఛార్జిషీట్ రాకపోతే కేసు బలంతో పనిలేకుండా బెయిల్ హక్కు వస్తుంది, దాన్నే డిఫాల్ట్ బెయిల్ అంటారు. రిమాండ్ చేసిన రోజు కూడా లెక్కలోకి వస్తుంది: జూన్ 3న పంపితే ఆగస్టు 1కి 60 రోజులు నిండుతాయి, ఆగస్టు 2న కోర్టు తెరవగానే పిటిషన్ పడాలి. ఆ రోజు ఊరుకుంటే, మధ్యాహ్నానికి పోలీసులు ఛార్జిషీట్ వేసేస్తే హక్కు పోతుంది. ఇద్దరు జామీనుదారులు, వాళ్ల ఇంటి పన్ను రసీదులు, ఆధార్ ముందే సిద్ధం చేసుకోండి, ఎందుకంటే బెయిల్ వచ్చినా జామీను కట్టకపోతే ఇంటికి రాడు.

గడువు ఇంకా ఉంటే, లేదా ఛార్జిషీట్ పడిపోయి ఉంటే సెషన్స్ కోర్టులో మామూలు బెయిల్ అడగాలి. అక్కడ పట్టుకోవలసినవి: ఫిర్యాదుదారు మనిషిని గుర్తుపట్టే గుర్తింపు పరేడ్ జరిగిందా, తమ్ముడి దగ్గర సొత్తు ఏమైనా దొరికిందా, దొరికితే ఏ మధ్యవర్తుల (స్వాధీనానికి సాక్షులుగా పెట్టినవాళ్ల) ఎదుట. షాపులో ఉన్నాడన్నారు కదా, మరి సీసీ కెమెరా రికార్డింగ్ తీయించారా? చాలా కెమెరాల్లో కొన్ని రోజులకే పాతది చెరిగిపోతుంది! ఇవాళే వెళ్లి అడగండి, ఉంటే, అది అసలు రికార్డింగేనని ధ్రువీకరించే సర్టిఫికెట్‌తో సహా తీసుకోండి. లేకపోతే హాజరు పుస్తకం, ఆ రాత్రి ఫోన్ కాల్స్, యజమాని సాక్ష్యం.

ఆ రెండు లక్షల మాట మాత్రం మానేయండి. దోపిడీ రాజీ చేసుకోదగ్గ నేరం కాదు. మీరు ఆ ఇంటి గడప తొక్కితే ఆయన పోలీసులకి ఒక్క ఫోన్ చేస్తాడు, సాక్షుల్ని ప్రలోభపెడుతున్నారని ప్రాసిక్యూటర్ బెయిల్‌కి అడ్డం పడతాడు, మీ మీదే కొత్త కేసు రావచ్చు.

పోలీసు వెబ్‌సైట్లో ఎఫ్‌ఐఆర్ దొరుకుతుందేమో చూడండి, రిమాండ్ రిపోర్టుకి కోర్టులో కాపీ అప్లికేషన్ పెట్టండి. మీ లాయరు పలకకపోతే జిల్లా న్యాయసేవాధికార సంస్థకి వెళ్లండి, జైల్లో ఉన్నవాళ్లకి ఆదాయంతో నిమిత్తం లేకుండా ఉచితంగా లాయర్ని ఇస్తారు. రేపు పొద్దున్నే కోర్టుకి వెళ్లి ముందు ఆ తేదీ రాసుకోండి.