రీవాల్యుయేషన్ ఫలితం నెలల తరబడి రాకపోతే కోర్టుకెళ్లొచ్చా?

నెల్లూరులో డిగ్రీ చదివే మీ చెల్లెలికి రీవాల్యుయేషన్ కట్టి నాలుగు నెలలైనా ఫలితం రాలేదన్నారు. కోర్టుకెళ్లొచ్చు, కానీ ముందు చలానా జిరాక్స్ జతచేసి పరీక్షల కంట్రోలర్‌కి అర్జీ రాసి రిజిస్టర్డ్ పోస్టులో పంపండి (కౌంటర్లో ఇచ్చిన కాయితం కనబడకుండా పోవడం మనకు కొత్తేం కాదు). దాంతోపాటే 10 రూపాయల ఫీజుతో ఆర్టీఐ (సమాచార హక్కు) దరఖాస్తు పెట్టి దిద్దిన జవాబుపత్రం నకలు అడగండి, 30 రోజుల్లో బదులివ్వాలి, నకలు పొందడం విద్యార్థి హక్కని సుప్రీంకోర్టు 2011లోనే తేల్చింది. యూజీసీ (విశ్వవిద్యాలయాల నిధుల సంఘం) 2023 నిబంధనల ప్రకారం విద్యార్థుల ఫిర్యాదుల కమిటీ, దానిపైన అంబుడ్స్‌పర్సన్ (అప్పీళ్లు వినే అధికారి) ఉంటారు. అక్కడా కదలకపోతే హైకోర్టులో రాజ్యాంగం 226 అధికరణ కింద రిట్ పిటిషన్ వేయొచ్చు. కోర్టు మార్కులు వేయదు, ఫలానా తేదీలోగా తేల్చమని ఆదేశించగలదు. ఆడపిల్ల కాబట్టి న్యాయసేవాధికార సంస్థ ద్వారా లాయర్ని ఉచితంగా అడగొచ్చు. వినియోగదారుల ఫోరం మాత్రం దండగ, పరీక్ష పెట్టడం సేవ కిందకి రాదని 2009లోనే సుప్రీంకోర్టు చెప్పేసింది.