ప్రకాశం జిల్లాలో జనసాంద్రత ఎందుకింత తక్కువ? పడమటి మండలాల్లో జనగణన చేసిన టీచర్‌గా నా జవాబు

ప్రకాశం జిల్లాలో చదరపు కిలోమీటరుకు 193 మందే ఉన్నారని మీరు రాశారు, అది సరైన అంకే. 2011 జనగణనలో ఉమ్మడి ప్రకాశం జిల్లా జనాభా 33,97,448, విస్తీర్ణం 17,626 చదరపు కిలోమీటర్లు. అదే లెక్కల్లో గుంటూరులో చదరపు కిలోమీటరుకు 429 మంది, కృష్ణాలో 518 మంది ఉన్నారు. ఇంత తేడా ఎందుకు, దానివల్ల పరిపాలనకు ఇబ్బంది ఉంటుందా అని అడిగారు. ఉంటుంది, చాలా ఉంటుంది.

ముందు ఒక సంగతి. ఈ జిల్లాకు ఒకే సగటు తీస్తే ఏమీ అర్థం కాదు. 1970లో మూడు జిల్లాల నుంచి ముక్కలు తెచ్చి కలిపారు. ఒంగోలు, అద్దంకి, చీరాల వైపు గుంటూరు నుంచి, కందుకూరు, కనిగిరి, దర్శి, పొదిలి వైపు నెల్లూరు నుంచి, మార్కాపురం, గిద్దలూరు వైపు కర్నూలు నుంచి వచ్చాయి. ప్రకాశం పేరు 1972లో పెట్టారు. తూర్పున సముద్రం, హైవే, రైలు, చీరాల మగ్గాలు, పొగాకు వ్యాపారం ఉన్నాయి. పడమట నల్లమల అడవి, రాళ్ల నేలలు, ఎంత లోతుకు వేసినా నమ్మకం లేని బోర్లు. కనిగిరి, పొదిలి ప్రాంతాల్లో నీళ్లు పడినా ఫ్లోరైడ్ నీళ్లే. అలాంటి చోట జనం ఒత్తుగా ఉండమంటే ఎట్లా ఉంటారు?

2011లో నేను పడమటి మండలాల్లో ఒక పల్లెకు ఎన్యూమరేటర్‌ని, అంటే ఇల్లిల్లూ తిరిగి జనాన్ని లెక్క రాసేవాణ్ని. లెక్క ఫిబ్రవరి 9 నుంచి 28 వరకు జరిగింది. సరిగ్గా అదే మిరపకోతల కాలం. ఇంటింటికీ తాళాలే. కొందరు గుంటూరు వైపు కోతలకు, కొందరు మేస్త్రీ వెంట హైదరాబాదు, బెంగళూరు బేల్దారి పనులకు పోయారు. ఇళ్లలో అవ్వాతాతలు, బడికి పోయే పిల్లలు మిగిలారు. ఒక అవ్వ నా చెయ్యి పట్టుకుని, "మా వాళ్లను కూడా రాసుకో సారూ, రాయకపోతే కార్డు తీసేస్తారంట" అని బతిమాలింది. ఆ గడువు మొత్తం ఊళ్లో లేనివాళ్లను ఆ ఊరి లెక్కలో రాయకూడదు. ఎక్కడుంటే అక్కడ రాయాలి. రేషన్ కార్డుకూ దీనికీ సంబంధం లేదని, 1948 జనగణన చట్టం ప్రకారం ఎవరి వివరాలూ బయటపెట్టరని ఎంత చెప్పినా ఆవిడ భయం పోలేదు. నాకు ఇప్పటికీ బాధే. ఆ కొడుకూ కోడలూ పనిచేసే చోట కట్టుబడి పక్కన రేకుల షెడ్డులో ఉంటారు. అక్కడ ఎవరైనా రాసుకున్నారో లేదో మనకేం తెలుసు?

అందుకే పడమటి పల్లెల జనాభా అంకెను నేను "ఫిబ్రవరిలో ఊళ్లో ఉన్నవాళ్లు" అనే చదువుతాను. వానలు పడి సేద్యం మొదలయ్యే నెలల్లో లెక్క తీస్తే వేరే అంకె వచ్చేది.

పరిపాలన దగ్గరికి వస్తే, అన్నీ తలల లెక్క మీదే నడుస్తాయి. 2019లో గ్రామ సచివాలయాలు పెట్టినప్పుడు సుమారు 2,000 జనాభాకు ఒకటి అన్నారు. పెద్ద ఊళ్లున్న చోట అది ఇంటి పక్కనే ఉంటుంది. చిన్న చిన్న పల్లెలు దూరదూరంగా ఉన్న చోట రెండు మూడు ఊళ్లు కలిపి ఒకటి ఇస్తారు, పింఛను కాగితానికి ముసలివాళ్లు ఆటో మాట్లాడుకుని పోవాలి. కేంద్రం డబ్బు ఎలా పంచాలో చెప్పే 15వ ఆర్థిక సంఘం పంచాయతీలు, మున్సిపాలిటీల గ్రాంటును రాష్ట్రాలకు పంచేటప్పుడు కూడా జనాభాకు 90 శాతం, విస్తీర్ణానికి 10 శాతమే విలువ ఇచ్చింది. రోడ్డు, పైపులైను మాత్రం మనుషుల సంఖ్యను బట్టి పొట్టివి కావు కదా.

జిల్లా కేంద్రం దూరం ఇంకో కష్టంగా ఉండేది. గిద్దలూరు నుంచి ఒంగోలుకు సుమారు 150 కిలోమీటర్లు. గుంటూరు–నంద్యాల రైలు దొనకొండ, మార్కాపురం రోడ్డు, కంభం, గిద్దలూరు మీదుగా పోతుంది గానీ ఒంగోలు ముఖం చూడదు. సోమవారం కలెక్టరేట్‌లో అర్జీ ఇవ్వాలంటే తెల్లారకముందే బస్సెక్కాల్సి వచ్చేది, ఆ రోజు కూలి పోయినట్టే. మార్కాపురం కేంద్రంగా జిల్లా కావాలని ఏళ్ల తరబడి అడిగింది ఇందుకే, 2025 చివర్లో ఆ జిల్లా ఏర్పడింది. ఆ కోరికను రాజకీయ గొడవగా చూసినవాళ్లు ఒక్కసారి ఆ బస్సులో ప్రయాణం చేసి ఉండాల్సింది.

2021లో జరగాల్సిన జనగణన కోవిడ్ వల్ల ఆగింది. కొత్త లెక్కకు 2027 మార్చి 1 ప్రామాణిక తేదీ, అంటే జనాభాను ఆ రోజు నాటిదిగా లెక్కిస్తారు; మళ్లీ వలస కాలమే. మీ వాళ్లు పనికి పోయి ఉంటే, వాళ్లున్న చోటే ఎన్యూమరేటర్‌ను అడిగి పేర్లు రాయించుకోమని ఫోన్ చేసి చెప్పండి. పుట్టిన ఊరు, ఇక్కడికి ఎందుకొచ్చారు అని అడిగినప్పుడు మొహమాటపడకుండా సొంత జిల్లా పేరు, పని కోసమే వచ్చామనీ చెప్పమనండి. 2011 ఫారంలో ఆ ప్రశ్నలున్నాయి, వలస పట్టికలు తయారయ్యేది వాటితోనే.