గోపురం ఎత్తు లోపలికి వెళ్లేవాళ్ల కోసం కాదు

"గుడి గోపురాలు అంత ఎత్తుగా ఎందుకు కడతారు? ఆ ఆకారానికి అర్థం ఏమిటి?" అని అడిగారు. ఇప్పటికే వచ్చిన సమాధానాలు చదివాను. గోపురం విశ్వశక్తిని లాగుతుందని ఒకరు, రాగి కలశం పిడుగుల్ని పట్టుకుంటుందని ఇంకొకరు రాశారు. నాది శ్రీకాళహస్తి. మా ఊరి గాలిగోపురం కూలిపోతుంటే కళ్లారా చూసినవాణ్ణి. అందుకే రాయకుండా ఉండలేకపోతున్నాను.

ముందు నా మాట సూటిగా చెప్పేస్తాను. గోపురం కట్టేది దూరంగా ఉన్నవాళ్ల కోసం. గుళ్లోకి వచ్చేసినవాడికి దాని ఎత్తుతో పనేముంది? ద్వారం దాటాక అది వాడి వెనకాల ఉంటుంది. లోపల స్వామి ఉండేది చిన్న గదిలో, చీకట్లో, దీపం వెలుగులో. పొలంలో కలుపు తీస్తున్న మనిషి, ఏటి అవతల గొర్రెలు కాసుకునే పిల్లవాడు, ఊరివాళ్లు గుడి గడప తొక్కనివ్వని మనిషి, వీళ్లు తలెత్తితే కనిపించాలని అంత ఎత్తు కట్టారు. మిగతా అర్థాలన్నీ దీని తర్వాతే.

ఇది నాకు నేర్పింది మా అవ్వ, మా నాయన వాళ్ల అమ్మ. ఆమె పుట్టిల్లు స్వర్ణముఖి ఏటి అవతల ఒక చిన్న పల్లె. పదేళ్ల పిల్లప్పుడే వాళ్లమ్మతో పాటు కొండకు పోయి కట్టెలు కొట్టుకొచ్చి కాళహస్తిలో అమ్మేది. ఆ రోజుల్లో మా వాడ వాళ్లని గుళ్లోకి రానిచ్చేవాళ్లు కాదు. అప్పట్లో మా ఊరు ఉన్న మద్రాసు రాష్ట్రంలో ఆలయ ప్రవేశ చట్టం 1947లో వచ్చింది. చట్టం వచ్చిన మర్నాడే అందరూ ధైర్యంగా లోపలికి నడిచిపోలేదు కదా. మా అవ్వ మొదటిసారి లోపలికి వెళ్లింది పెళ్లయి, మా నాయన పుట్టాకనే. అంతవరకు ఆమెకు గోపురమే గుడి. నెత్తిన మోపు పెట్టుకుని నడుస్తా ఉంటే ఒక మలుపు దగ్గర గోపురం కొస కనిపించేదట. అక్కడ మోపు దించి, చుట్టకుదురు తీసి, చెమట తుడుచుకుని, రెండు చేతులూ ఎత్తి మొక్కేది. "గోపరం కనిపించిందంటే స్వామి మనల్ని చూసినట్టేరా. లోపలికి పోతే మనం ఆయన్ని చూస్తాం. ఈడ నిలబడితే ఆయనే మనల్ని చూస్తాడు" అనేది.

ఇంతకన్నా మంచి వివరణ ఏ శిల్పశాస్త్రంలోనూ దొరకదని నా నమ్మకం. పైగా మాది కన్నప్ప ఊరు. నోట్లో నీళ్లు పట్టుకొచ్చి అభిషేకం చేసి, మాంసం నైవేద్యం పెట్టి, చివరికి తన కన్నే పెరికి ఇచ్చిన బోయవాడికి మా ఊళ్లో గుట్ట మీద గుడి ఉంది. ఆ ఊళ్లో మా అవ్వ గోపురానికి దూరం నుంచి మొక్కాల్సి రావడం నాకు ఇప్పటికీ మింగుడుపడదు.

నా మాటకు చరిత్రలో కూడా ఆధారం ఉంది. తంజావూరు వెళ్లి చూడండి. రాజరాజ చోళుడి గుళ్లో, అంటే 1010 నాటికి, ఎత్తంతా గర్భగుడి మీద లేచే శిఖరానిదే, దాన్నే విమానం అంటారు. దాదాపు 216 అడుగులు. దాని ముందున్న గోపురాలు పొట్టివి. తర్వాతి శతాబ్దాల్లో లెక్క తిరగబడింది. గర్భగుడి అలాగే చిన్నగా ఉండిపోయింది, బయటి ద్వారం మీద గోపురం పెరుగుతూ పోయింది. విజయనగర రాజుల కాలం వచ్చేసరికి ఊరికి ముందు కనిపించేది గోపురమే. ఆ రాయలు కట్టించినవి కాబట్టే వాటిని రాయగోపురాలు అంటారు. దేవుడి నెత్తిన ఉండాల్సిన ఎత్తు వీధిలోకి ఎందుకొచ్చింది? వీధిలో జనం ఉన్నారు కాబట్టి.

రాజు గొప్ప లేదని నేను అనను. మా గోపురం కృష్ణదేవరాయలు 1516లో కట్టించాడు, నూరుకాళ్ల మండపం కూడా ఆయనదే. అంతకు ముందు ఏడే ఒడిశా గజపతి రాజుల చేతుల్లోంచి కొండవీడు గెలిచాడు. గెలిచిన రాజు ఏడంతస్తుల గోపురం ఎత్తాడంటే అందులో తన పేరు నలుదిక్కులా కనపడాలన్న కోరిక ఉండదా? ఉంటుంది. తిరువణ్ణామలైలో 217 అడుగుల తూర్పు గోపురం మొదలుపెట్టింది కూడా ఆయనే. కానీ కట్టెల మోపు దించుకునే ఆడపిల్లకు రాయలవారు గుర్తొస్తారా? ఎవరు కట్టించినా, చూసేవాళ్లు దాన్ని తమది చేసుకుంటారు.

ఇక ఆకారం సంగతి. కింద ద్వారం ఉన్న భాగం రాతితో కడతారు. దాని పైనుంచి అంతా ఇటుక, సున్నం. పైదాకా రాయే పేరిస్తే ఆ బరువు ద్వారం మీది దూలాలు మోయలేవు. లోపల బోలుగా ఉంటుంది, అంతస్తు అంతస్తుకూ మధ్యలో ఒక వాకిలి లాంటి ఖాళీ వదులుతారు. మా ఊళ్లో దాన్ని గాలిగోపురం అనేది ఆ వాకిళ్లలోంచి గాలి ఈ పక్కనుంచి ఆ పక్కకు ఈలేసుకుంటూ పోతుంది కాబట్టే అని అవ్వ చెప్పేది. పంచభూత లింగాల్లో వాయులింగం వెలసిన ఊరికి ఆ పేరు ఎంత బాగా కుదిరిందో చూడండి. పైకి పోయేకొద్దీ ఒక్కో అంతస్తు వెడల్పూ తగ్గుతుంది, ఎత్తూ తగ్గుతుంది. కింద నిలబడి చూసే కంటికి అది ఉన్నదానికన్నా ఎత్తుగా అనిపించేది అందుకే. అన్నిటికన్నా పైన అడ్డంగా పడుకున్నట్టు ఉండే భాగం చూశారా, అచ్చం గూడుబండి కప్పులా ఉంటుంది. దాని మీద బేసి సంఖ్యలో కలశాలు. ఆ కలశాల్లో ధాన్యం పోసి ఉంచుతారు. వరదొచ్చి ఊరు కొట్టుకుపోయినా విత్తనం మిగలాలని పెద్దలు చెప్పే మాట. నాకు ఆ మాటంటే ఇష్టం.

పిడుగుల మాట మాత్రం దయచేసి రాయకండి. పిడుగు వాహకం అంటే పైనున్న కడ్డీ నుంచి భూమిలోకి తీగ దిగాలి. పాత గోపురాల్లో కలశం కింద ఉండేది ఇటుక, సున్నం, కొయ్య. ఒకప్పుడు పిడుగు పడబట్టే మా గోపురం బీటలు వారిందని నా చిన్నప్పుడు పెద్దవాళ్లు చెప్పుకునేవాళ్లు. ఆ ఊరివాడికి వచ్చి కలశం కాపాడుతుందని చెప్తే ఎలా ఉంటుంది?

ఆ బీట నా చిన్నప్పటి నుంచీ తెలుసు. బడికి పోతా దాన్ని చూసేవాళ్లం. పాత సున్నంలో రావి మొక్క ఒకటి మొలిచి ఉండేది. రావి వేరు సన్నగా దూరి, లావై, ఇటుకల్ని పక్కకు నెడుతుంది. పాత గోపురాల మీద మొక్క మొలిస్తే ఆ ఏడే పీకేయాలి. తలవెంట్రుకంత వేరు మిగిలినా మళ్లీ వస్తుంది. మీ ఊళ్లో గోపురం మీద పచ్చగా ఏదైనా కనిపిస్తే అందంగా ఉందని ఫొటో తీసి ఊరుకోకండి, గుడి వాళ్లకు చెప్పండి.

2010 మే నెల. ఆ వారంలోనే బీట బాగా పెద్దదైంది. చుట్టుపక్కల కొట్లు ఖాళీ చేయించారు, జనాన్ని దగ్గరికి రానివ్వలేదు. మే 26, బుధవారం. ఊరంతా అదే టెన్షన్. పని ముగించుకుని నేనూ వెళ్లి, జనం మధ్యలో దూరంగా నిలబడ్డాను. రాత్రి ఎనిమిది ప్రాంతం. ముందు సున్నం పెచ్చులు రాలిన చప్పుడు, బియ్యం చేటలో చెరిగినట్టు. ఎవరో "పోతాంది, పోతాంది" అని అరిచారు. ఆ తర్వాత అది పక్కకు ఒరగలేదు. నిలబడినట్టే ఉండి, తనలోకి తాను కూర్చుండిపోయింది. కాళ్ల కింద నేల అదిరింది. తెల్లటి దుమ్ము లేచి వీధి వీధంతా నిండిపోయింది, పక్కనున్న మనిషి కనిపించలేదు. నా పెదాల మీద సున్నం రుచి. దుమ్ము అణిగాక తలెత్తి చూస్తే అక్కడ ఆకాశం ఉంది. పుట్టినప్పటి నుంచి ఆ చోట నేను ఆకాశం చూడలేదు. నా పక్కన ఒక పెద్దాయన రోడ్డు మీదే సాష్టాంగపడి ఏడ్చాడు. అంత పెద్ద కట్టడం పడినా ఒక్క మనిషి ప్రాణం పోలేదు. స్వామి అందర్నీ పక్కకు పంపించి తాను దిగాడని ఊళ్లో ఇప్పటికీ అంటారు.

ఇంటికెళ్తే అవ్వ మేడ మీద కూర్చుని ఉంది. ఆమెకు అప్పటికి డెబ్భై దాటాయి. ఏమీ అడగలేదు. నా తల మీది దుమ్ము చేత్తో దులిపి, ఆ చేతిని కళ్లకు అద్దుకుంది. కొన్నాళ్లకు శిథిలాలు తీసే పనికి వెళ్లిన మా వీధి అబ్బాయి ఒక సున్నపు పెళ్ల తెచ్చిచ్చాడు. నిమ్మకాయంత. బొమ్మల్లో ఏ భాగమో తెలీదు, ఒక పక్క నున్నగా ఉంది, ఇంకో పక్క వేలితో నొక్కిన గుంట ఉంది. మేస్త్రీ వేలిముద్ర. దాదాపు ఐదొందల ఏళ్ల కింద తడి సున్నం మీద నొక్కినదని నా నమ్మకం. అవ్వ దాన్ని దేవుడి గూట్లో పెట్టింది. ఇప్పటికీ అక్కడే ఉంది.

మా అమ్మ కలంకారీ పని చేస్తుంది. కరక్కాయ పొడి కలిపిన పాలలో ముంచి ఆరబెట్టిన గుడ్డ మీద, బెల్లం నీళ్లలో తుప్పు ఇనుము ఊరబెట్టిన నలుపుతో, వెదురు కలంతో గీస్తుంది. ప్రతి కథలోనూ ఎక్కడో ఒక గోపురం వస్తుంది. మా గోపురం కూలాక కొన్ని నెలలు ఆమె గోపురం గీయాల్సి వస్తే ఆ చోటు వదిలేసి చుట్టూ ముందు నింపేది. చివరికి గీసినప్పుడు బీటతో సహా గీసింది. కొనుక్కునేవాళ్లు అదేమిటని అడిగారు. "మా గోపురం ఇట్లే ఉండె" అంది.

అదే స్థలంలో మళ్లీ ఏడంతస్తులు కట్టి 2017లో కుంభాభిషేకం చేశారు. అవ్వ చూడలేదు. 2013లో పోయింది. కొత్తదానికి ఎత్తు ఎంత, పాతదానికన్నా ఎన్ని అడుగులు ఎక్కువ అని అడిగేవాళ్లను చూస్తే నాకు కోపం వస్తుంది. మురుడేశ్వర్ 237 అడుగులట, లిఫ్ట్ ఉందట, శ్రీరంగం 236 అట. ఒక్క అడుగు తేడాకు పోటీలు పెడుతున్నారు. మన మంగళగిరి గోపురం చూడండి. వాసిరెడ్డి వెంకటాద్రి నాయుడు 1807-09లో కట్టించింది. పదకొండు అంతస్తులు, 153 అడుగులు, అడుగు భాగం మాత్రం చాలా తక్కువ వెడల్పు. కట్టాక ఒక పక్కకు ఒరిగితే, ఎదురుగా కోనేరు తవ్వించారని, దాంతో నిటారుగా నిలబడిందని చెప్తారు. నేను నమ్ముతాను. నేలతో, నీళ్లతో మాట్లాడుకుంటూ కట్టినవాళ్లు వాళ్లు.

అసలు బాధ ఇంకొకటి. గోపురం కట్టడం ఒక్కటే సరిపోదు, అది కనిపించే దారిని కూడా కాపాడాలి. మా మేడ మీద అవ్వ కూర్చునే చోట నిలబడితే ఇప్పుడు గోపురం కనిపించదు. మధ్యలో ఒక లాడ్జి లేచింది, దాని మీద సెల్ టవర్, దాని పక్కన నగల కొట్టు హోర్డింగ్. ఏ ఊళ్లో చూసినా ఇదే. కోట్లు పెట్టి గోపురం ఎత్తుతారు, నాలుగు వీధులు దాటితే కనిపించకుండా అడ్డం కట్టుకోనిస్తారు. ఆ ఎత్తు ఎవరి కోసమో మర్చిపోయాక ఇంకెందుకు? పైగా బొమ్మలకు పూసే ఆ ఆయిల్ పెయింట్లు! సున్నానికి తడి బయటికి పోయే దారి ఉండాలి. దాని మీద మెరిసే రంగు పూస్తే తడి లోపలే ఉండిపోయి పెచ్చులు లేస్తాయి. సున్నం పని తెలిసిన ఏ మేస్త్రీని అడిగినా ఇదే చెప్తాడు.

శ్రీశైలంలో శిఖర దర్శనం దగ్గర నంది కొమ్ముల మధ్యలోంచి శిఖరాన్ని వెతుక్కుంటారు చూడండి. కనిపించిందని పిల్లలు ఎగిరి గంతేస్తారు. చూడటానికని ఒక చోటు పెట్టి, దానికి ఒక పద్ధతి పెట్టారు. ప్రతి గోపురానికీ అలాంటి చోటు ఒకటి ఉండాలి.

మీరెప్పుడైనా కాళహస్తి వస్తే రాహుకేతు పూజ టికెట్ కోసం నేరుగా క్యూలోకి పరిగెత్తకండి. సాయంత్రం ఐదున్నరకు స్వర్ణముఖి దగ్గరికి పోండి. ఏట్లో చాలా రోజులు ఇసుకే ఉంటుంది, నడిచి అవతలి ఒడ్డుకు పోవచ్చు. అక్కడ ఆగి వెనక్కి తిరిగి చూడండి. మా అవ్వ మోపు దించుకున్నది ఆ వైపునే.