పీఎఫ్ కోసి కట్టని లారీ ఓనరు "డ్రైవర్లు నా మనుషులు కారు" అంటే ఏం చేయాలి?

మీ ప్రశ్న నాకు అర్థమైనంత వరకు ఇదీ: మీ నాన్నగారు గాజువాక ఆటోనగర్‌లో ఒక ట్రాన్స్‌పోర్టులో లారీ నడుపుతారు, జీతంలో పీఎఫ్ కోస్తున్నారు, పాస్‌బుక్‌లో మాత్రం చాలా నెలలుగా ఏమీ పడటం లేదు, అడిగితే ఓనరు "వాళ్లు కాంట్రాక్టరు మనుషులు" అంటున్నాడు. కేరళలో ఉన్నట్టు డ్రైవర్లకి సంక్షేమ నిధి మనకీ ఉందా అని కూడా అడిగారు.

నేను అలాంటి ఆఫీసులోనే అకౌంట్స్ చూసేవాణ్ని. కంపెనీ పేరు అనవసరం. పీఎఫ్ వాళ్లు బకాయి ఎంతో తేల్చే 7ఏ విచారణ నడిచినప్పుడు రిజిస్టర్లు సంచిలో వేసుకుని మర్రిపాలెంలోని పీఎఫ్ ఆఫీసు, భవిష్యనిధి భవన్‌కి తిరిగింది నేనే, అందుకని ఓనర్ల వైపు వాదనలు ఎలా ఉంటాయో బాగా తెలుసు.

ముందు కేరళ సంగతి. అక్కడ మోటారు రవాణా కార్మికుల సంక్షేమ నిధికి 1985 నాటి చట్టం విడిగా ఉంది, నిధికి డబ్బు కట్టినట్టు రసీదు చూపిస్తేనే బండి పన్ను తీసుకుంటారు. దీని మీద వ్యాపారులు సుప్రీంకోర్టు దాకా వెళ్లారు, 2022లో కోర్టు ఆ షరతు చెల్లుతుందనే చెప్పింది. మన దగ్గర అలా పన్నుతో ముడిపెట్టిన నిధి లేదు. ఏపీ లేబర్ వెల్ఫేర్ ఫండ్ ఉంది గానీ అది ఏడాదికి కార్మికుడు 30, యజమాని 70 రూపాయలు, దాని కోసం ఎవరూ కోర్టుకెక్కరు. మీ అసలు గొడవ పీఎఫ్‌తోనే.

ఓనరు చెప్పే కాంట్రాక్టరు కథ చట్టం ముందు నిలబడదు. పీఎఫ్ చట్టం ప్రకారం కాంట్రాక్టరు ద్వారా పనిచేసినా ఉద్యోగే, కార్మికుడిదీ యజమానిదీ రెండు వాటాలూ కట్టే బాధ్యత అసలు యజమానిదే, తర్వాత కాంట్రాక్టరు దగ్గర వసూలు చేసుకుంటాడో లేదో వాళ్ల బాధ. ఇరవై మంది ఉంటేనే పీఎఫ్ వర్తిస్తుంది కాబట్టి, అంతమంది లేరని చూపించడానికి నాలుగు బండ్లు భార్య పేరున, నాలుగు బావమరిది పేరున పెట్టేవాళ్లూ ఉన్నారు, కానీ ఆఫీసు ఒకటే, డబ్బు తిరిగేది ఒకే చోట అని తేలితే అన్నీ కలిపి ఒకే సంస్థగా లెక్కేస్తారు. ఒకసారి చట్టం కిందికి వచ్చాక మనుషులు తగ్గినా బయటికి పోవడం ఉండదు.

అయితే కేసు నిలబడేదీ పడిపోయేదీ ఇక్కడ కాదు, ఫలానా డ్రైవరు ఫలానా నెలల్లో వీళ్ల బండే నడిపాడని కాగితం మీద చూపించగలగడం దగ్గర. మా విచారణలో అధికారి జీతాల రిజిస్టరు రెండు పేజీలు తిప్పి పక్కన పెట్టేశారు, అది మేమే రాసుకున్నది కదా. డీజిల్ స్లిప్పుల కట్ట తెమ్మన్నారు. ఒక్కో స్లిప్పు మీద బండి నంబరు, డ్రైవరు సంతకం, కింద మా ఆఫీసు సీలు. పోర్టులోకి వెళ్లడానికి డ్రైవర్లకి గేటు పాసులు ఇప్పించమని మా లెటర్‌హెడ్ మీద రాసిన ఉత్తరాల నకళ్లూ ఫైల్లో బయటపడ్డాయి. "మీ మనుషులు కాకపోతే పాసులు మీరెందుకు అడిగారండీ" అన్నారాయన. మా లాయరుగారు వాయిదా అడిగారు.

అందుకని మీ నాన్నగారి దగ్గర ట్రిప్ షీట్లు, వే బిల్లులు, పాత గేటు పాసులు, జీతం పడ్డ బ్యాంకు స్టేట్‌మెంటు, ఆఫీసు నుంచి వచ్చిన వాట్సాప్ మెసేజీలు ఏమున్నా ఇప్పుడే ఫోటోలు తీసి పెట్టుకోండి, ఓనరుతో మాటామాటా పెరిగాక అవి దొరకవు. మీ దగ్గర లేని రిజిస్టర్లు తెప్పించమని అధికారినే రాతపూర్వకంగా అడగవచ్చు, సివిల్ కోర్టులాగా పిలిపించే అధికారం ఆయనకుంది, ఆ అధికారం వాడి కార్మికులెవరో తేల్చాల్సిందేనని ఫుడ్ కార్పొరేషన్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది.

జీతంలో కోసిన వాటా సంగతి ఇంకా గట్టిది. కోసి కట్టకపోతే అది నమ్మకద్రోహం నేరం కింద పోలీసు కేసు అవుతుంది, ఆ మాట చెవిన పడగానే చాలామంది ఓనర్లకి టెన్షన్ మొదలవుతుంది. పాత బకాయిలు ఇప్పుడు కట్టించినా "మీ వాటా ఇవ్వండి" అని మీ నాన్నగారి జీతంలోంచి మళ్లీ కోయడానికి వీల్లేదు, రెండూ ఓనరే భరించాలి. పైగా 12 శాతం వడ్డీ, ఆలస్యానికి జరిమానాలాంటి డామేజీలు. కావాలని ఎగ్గొట్టలేదు అన్నా డామేజీలు తప్పవని 2022లో సుప్రీంకోర్టు చెప్పేసింది. 7ఏ ఆర్డరు మీద హైదరాబాద్ ట్రిబ్యునల్‌కి అప్పీలు వెళ్లాలంటే అప్పట్లో మామూలుగా 75 శాతం ముందు డిపాజిట్ చేయాల్సి వచ్చేది, ట్రిబ్యునల్ తగ్గించవచ్చు గానీ, ఆ భయంతోనే మా ఓనరు అప్పీలు మాట ఎత్తకుండా వాయిదాల్లో కట్టాడు.

ఆలస్యం మాత్రం చేయకండి. 2020 సామాజిక భద్రతా కోడ్‌లో ఇలాంటి విచారణ మొదలుపెట్టడానికి ఐదేళ్ల గడువు పెట్టారు, పాత నెలలు చేజారిపోతాయి. ఇంకోటి, పదేళ్ల సర్వీసు లెక్క ఉంటేనే నెలనెలా పెన్షన్ వస్తుంది కాబట్టి మధ్యలో ఖాళీ నెలలు మీ నాన్నగారికి డబ్బు కంటే ఎక్కువ నష్టం.

పీఎఫ్ వాళ్ల ఫిర్యాదుల వెబ్‌సైటు ఈపీఎఫ్ఐజీఎంఎస్ పోర్టల్‌లో మీ నాన్నగారి యూఏఎన్ (పీఎఫ్ సభ్యుడి) నంబరుతో ఫిర్యాదు పెట్టండి, అదే కాగితం మర్రిపాలెంలో కూడా ఇచ్చి నకలు మీద ఇన్‌వర్డ్ స్టాంపు వేయించుకోండి. ప్రతి నెలా 27న పీఎఫ్ వాళ్ల 'నిధి ఆప్కే నికట్' క్యాంపు ఉంటుంది, అక్కడ అధికారితో నేరుగా మాట్లాడవచ్చు. వీలైతే అదే ఆఫీసులో ఇంకో నలుగురు డ్రైవర్ల సంతకాలు కూడా పెట్టించండి, ఒక్కడే అయితే ఓనరు ఆ ఒక్కడి బాకీ కట్టేసి ఫైలు మూయించే ప్రయత్నం చేస్తాడు.