అమ్మ నన్ను సున్నిపిండితో అంతలా ఎందుకు రుద్దింది?

ప్రశ్న: మాది కోవూరు దగ్గర పల్లె. నాకు 24 ఏళ్లు. అవ్వ పెద్దకర్మ రోజు మా పెద్దమ్మ ఎవరితోనో ‘ఎంత చదివిస్తే ఏం, యానాదుల బిడ్డేగా’ అంటుంటే విన్నాను. నిలదీస్తే, పెంచుకున్నామని అమ్మానాన్న ఒప్పుకున్నారు. అంతకుమించి నోరు విప్పడం లేదు. చిన్నప్పుడు ఆదివారం వచ్చిందంటే, రంగు తేలాలని అమ్మ సున్నిపిండితో ఒళ్లు మండేలా రుద్దేది. అదెందుకో ఇప్పుడు అర్థమై ఏడుపొస్తోంది. సంబంధాలు చూస్తున్నారు. నేనెవర్ని? డీఎన్‌ఏ పరీక్ష చేయించుకోనా?

జవాబు: తల్లీ, ఇన్నేళ్లు దాచడం ఒక దెబ్బ. ఆ సంగతి తిట్టులా చెవిన పడటం ఇంకో దెబ్బ. రెండూ కలిసిపోయి, దాచుకోవాల్సిన పుట్టుక నాదని మీకు అనిపిస్తోంది. కాదమ్మా. దాచినందుకు అమ్మానాన్నల మీద మీ కోపం న్యాయమే. యానాదిగా పుట్టి ఉంటే మాత్రం సిగ్గుపడాల్సింది మీరు కాదు, ఆ పేరును తిట్టుగా వాడినవాళ్లు. 1971లో శ్రీహరికోట నుంచి తొలి రాకెట్ ఎగరక ముందు నుంచీ ఆ దీవిలో బతికిన గిరిజనులు యానాదులు. ఏ వేరు ఏ నొప్పికి పనికొస్తుందో వాళ్లకు తెలుసు. చేలో ఎలుకలు పడితే మన రైతులు కబురు పెట్టేదీ వాళ్లకే.

అలాగని పెద్దమ్మ మాటే నిజమనుకోకండి. పెంచుకున్న బిడ్డ నల్లగా ఉంటే ఊళ్లో కథలు అల్లేస్తారు. డీఎన్‌ఏ పరీక్ష మీ కులమో తెగో తేల్చి చెప్పదు, దాని జోలికి పోకండి.

మిమ్మల్ని ఎలా తెచ్చుకున్నారో ముందు కనుక్కోండి. శిశుగృహ నుంచి చట్టప్రకారం తెచ్చుకుని ఉంటే కాగితాలుంటాయి. మీకు 18 నిండాయి కాబట్టి కేంద్ర దత్తత సంస్థ ‘కారా’కు మీరే సొంతంగా అర్జీ పెట్టుకోవచ్చు. కన్నతల్లి తన వివరాలు చెప్పొద్దని కోరి ఉంటే మాత్రం ఆమె ఒప్పుకుంటేనే చెబుతారు. కాగితం లేకుండా చేతుల మీదుగా తెచ్చుకుని ఉంటే, మీకున్న రికార్డు మీ అమ్మే.

సంబంధం కుదిరేలా ఉంటే, పెద్దమ్మ నోట వినకముందే అబ్బాయికి మీరే చెప్పండి. నిద్ర పట్టకుండా టెన్షన్ ఎక్కువైతే ప్రభుత్వ మానసిక ఆరోగ్య హెల్ప్‌లైన్ టెలిమానస్‌కు (14416) ఫోన్ చేయండి, తెలుగులో మాట్లాడతారు.

అమ్మ ఒంటరిగా ఉన్నప్పుడు పక్కన కూర్చోండి. పెద్దమ్మ మాట ఎత్తకుండా ఆ సున్నిపిండి గురించే అడగండి. ఆమె అలా రుద్దడం తప్పే. కానీ ‘నీ కడుపున పుట్టిన పిల్లలా లేదే’ అని ఎవరు ఎన్నిసార్లు అన్నారో, ఆ భయం ఆమె చేతుల్లోకి ఎలా వచ్చిందో ఆమె నోటే వినాలి. ఏడిస్తే ఏడవనివ్వండి. ఓదార్చే తొందరలో మీ ప్రశ్న మాత్రం వదిలేయకండి.