ఆఖరి షాట్‌కు ముందు: ఒక యువ రచయిత్రికి లేఖ

అమ్మాయికి ఆశీస్సులు.

నీవు పంపిన వ్యాసం అందింది. నిన్న రాత్రి ఒకసారి, ఈ ఉదయం మరొకసారి చదివాను. 2018 ఏప్రిల్ 1న అమెరికాలోని ఒహాయో రాష్ట్రం కొలంబస్ నగరంలో నోటర్‌డేమ్, మిసిసిపీ స్టేట్ విశ్వవిద్యాలయాల అమ్మాయిల జట్ల మధ్య జరిగిన జాతీయ కళాశాలల బాస్కెట్‌బాల్ ఫైనల్‌ను నీవు ఎంచుకున్నందుకు సంతోషించాను. నీ భాష శుభ్రంగా ఉంది, ఆటమీద నీకున్న ప్రేమ ప్రతి పేరాలోనూ తెలుస్తోంది. అయితే మొదటి వాక్యంలోనే నోటర్‌డేమ్ క్రీడాకారిణి అరీకే ఒగున్‌బొవాలే చేత ఆఖరి షాట్ వేయించేశావు. సెకనులో పదో వంతు మిగిలి ఉండగా బంతి రింగులో పడిందనీ, 61-58తో నోటర్‌డేమ్ గెలిచిందనీ అక్కడే చెప్పేశాక పాఠకుడు ఇక దేనికోసం ఎదురుచూడాలి? ఫలితం తెలిసిన ఆట గురించి చదువుతున్నా ఏమవుతుందోనన్న గుబులు పుట్టాలి. ఆ గుబులంతా షాట్‌కు ముందున్న ముప్పై తొమ్మిది నిమిషాల్లో ఉంది.

రెండో క్వార్టర్‌నే తీసుకో. ఆ పది నిమిషాల్లో నోటర్‌డేమ్ చేసినవి మొత్తం మూడు పాయింట్లు. దేశంలోని అత్యుత్తమ జట్లలో ఒకటి, రెండు రోజుల ముందు సెమీఫైనల్లో ఆ సీజన్‌లో అప్పటిదాకా ఓటమి ఎరుగని కనెక్టికట్‌ విశ్వవిద్యాలయ జట్టును అదనపు సమయంలో 91-89తో ఓడించి వచ్చిన జట్టు, పది నిమిషాలు ఆడి మూడే పాయింట్లు చేసింది! నీవు దాన్ని సగం వాక్యంలో దాటేశావు. అక్కడ ఆగు. బాగా ఆడేవాళ్ళకు ఉన్నట్టుండి బంతి పడకపోతే వాళ్ళ భుజాలు ఎలా బిగుసుకుంటాయో, తర్వాతి షాట్‌ను ఎంత తొందరపడి వేస్తారో, దగ్గరున్న తోటి క్రీడాకారిణికి అందించవలసిన బంతిని ఎందుకు చేతిలోనే పట్టుకుని ఉండిపోతారో, ఆ ఆట వీడియోను మాటలు వినిపించకుండా పెట్టుకుని చూడు. స్కోరు చూపే పలక వైపు చూడకు, చేతులను చూడు. విరామానికి మిసిసిపీ స్టేట్ 30-17తో ముందుందన్న అంకె ఆ తర్వాత వస్తే దానికి బరువు ఉంటుంది. ముందే వస్తే అది లెక్కల పుస్తకంలోని అంకెలాగే మిగిలిపోతుంది.

మూడో క్వార్టర్‌లో తేడా 40-25 దాకా పెరిగింది. ఆ క్వార్టర్ ముగిసేసరికి స్కోరు 41-41. అంటే నోటర్‌డేమ్ పదహారు పాయింట్లు చేసిన ఆ కొద్ది నిమిషాల్లో మిసిసిపీ స్టేట్‌కు దక్కింది ఒకే ఒక్క పాయింటు. నోటర్‌డేమ్ జట్టులో నలుగురు అమ్మాయిలు మోకాలి లిగమెంట్ తెగి ఆటకు దూరమయ్యారన్న విషయాన్ని నీవు రెండో పేరాలో, నేపథ్యం అన్న పేరుతో పెట్టావు. దాన్ని ఇక్కడికి తీసుకురా. అలసిపోవలసిన జట్టు పుంజుకుంటుంటే, వీళ్ళెవరు, ఇంత ఓపిక ఎక్కడిదని పాఠకుడు తనంతట తాను అడిగే చోటు ఇదే. నోటర్‌డేమ్ కోచ్ మఫెట్ మెక్‌గ్రాకు తొలి టైటిల్ 2001లో ఇదే తేదీన వచ్చిందన్న సంగతికి మాత్రం ఒక్క వాక్యం చాలు.

ఇప్పుడు నన్ను ఎక్కువగా బాధపెట్టిన విషయానికి వస్తాను. నీ వ్యాసంలో మిసిసిపీ స్టేట్ క్రీడాకారిణి మోర్గన్ విలియమ్ పేరు లేదు. 2017 సెమీఫైనల్లో కనెక్టికట్ 111 వరుస విజయాలకు తెర దించిన షాట్ ఆమెదే. ఏడాది తిరిగాక ఈ ఫైనల్లో, 58-58 వద్ద చివరి క్షణాల్లో, బంతి ఆమె చేతిలో నుంచే జారిపోయింది. ఒకే మనిషికి వరుసగా రెండు వసంతాల్లో ఎదురైన ఈ రెండు క్షణాలను పక్కపక్కన పెడితే చాలు, విశేషణం ఒక్కటీ అక్కరలేదు.

ఈ మాట ఇంత గట్టిగా చెప్పడానికి కారణం ఉంది. పత్రికలో చేరిన కొత్తలో ఒక చిన్న పట్టణంలో జరిగిన బాలికల ఫైనల్‌కు నన్ను పంపారు. మట్టి కోర్టు, వల ఊడిన రింగులు, చుట్టూ సున్నంతో గీసిన గీతలు. గెలిచిన జట్టు గురించి అరకాలమ్ రాశాను. ఓడిన జట్టు నుంచి ఒక అమ్మాయి మర్నాడు పత్రిక పట్టుకుని వచ్చి, "సార్, మేము కూడా ఆడాం కదండీ, మా పేర్లు ఒక్కటీ లేవే" అంది. కాలివేళ్ళకు ఇంకా ఆ సున్నం అంటుకునే ఉంది. నేను జవాబు చెప్పలేకపోయాను. అప్పటినుంచి ఏ ఆట గురించి రాసినా ముందు ఓడినవారి పేర్లు సరిచూసుకుంటాను.

మరొక్కటి. "నరాలు తెగే ఉత్కంఠ", "చిరస్మరణీయ పోరు" అన్న మాటలు నీ వ్యాసంలో ఐదుచోట్ల ఉన్నాయి. వాటిని కొట్టేసి చూడు, ఆ వాక్యాలు నిలబడతాయో లేదో తెలిసిపోతుంది. వాటికి బదులు నోటర్‌డేమ్ క్రీడాకారిణి జాకీ యంగ్‌ను చూపించు. మూడు సెకన్లు మిగిలి ఉండగా గీత బయట నిలబడి ఆమె బంతి విసరాలి. అనుకున్న ప్రకారం అది రింగు దగ్గరున్న జెస్సికా షెపర్డ్‌కు చేరాలి, కానీ దారి దొరకలేదు. అప్పుడు యంగ్ ఒగున్‌బొవాలేను ఎంచుకుంది. షాట్ వేసినామె పేరు అందరికీ తెలుసు. ఆ పాస్ గురించి రాసినవారు తక్కువ.

తిరగరాసేటప్పుడు ఆ మూడు సెకన్లలో మిసిసిపీ స్టేట్ క్రీడాకారిణి టియేరా మెకావన్ ఎక్కడుందో కూడా రాయి. ఆరడుగుల ఏడంగుళాల మనిషి, ఆ రోజు 18 పాయింట్లు చేసి 17 రీబౌండ్లు (గురితప్పి తిరిగొచ్చిన బంతులు) అందుకున్న మనిషి, విలియమ్ చేతిలో నుంచి జారిపోయిన బంతికోసం వెళ్ళి ఐదో ఫౌల్ చేసింది, ఐదు ఫౌళ్ళయితే కోర్టు వీడాల్సిందే. బంతి గాలిలో ఉన్నప్పుడు ఆమె కోర్టులో లేదు, బెంచీ దగ్గర ఉంది. వ్యాసాన్ని ఆమె వైపు నుంచి మొదలుపెట్టి చూడు. పూర్తయ్యాక పంపు, చదువుతాను.