కోటా బియ్యం కోసం బొబ్బిలి రైలెక్కకు చిట్టీ

చిట్టీ, నిన్న ఫోన్లో నువ్వు "పెద్దమ్మా ఆదివారం ఊరెళ్ళి కోటా బియ్యం తెచ్చుకోవాలి" అన్నావ్ చూడు, అప్పట్నుంచీ నాకు ఒకటే పొట్టలో దేవినట్టుంది. విశాఖపట్నం మర్రిపాలెంలో కాపురం పెట్టి ఆర్నెల్లయింది కదే, ఈ ఆర్నెల్లూ చంటిదాన్ని చంకనేసుకుని రాయగడ ప్యాసింజర్లో బొబ్బిలెళ్ళి పాతిక కేజీల బస్తా మోసుకొస్తున్నావా? మీ ఆయన ఆ రోజు పని మానేస్తే పోయే కూలి ఎంత, టికెట్లెంత, స్టేషన్ నుంచి ఇంటికి ఆటో ఎంత, ఒక్కసారి లెక్కేసుకో. ఫోన్లో చెప్తే ఈ చెవిన విని ఆ చెవిన వదిలేస్తావని మనవడి ఫోన్ తీసుకుని టైప్ చేస్తున్నా, తప్పులుంటే సర్దుకుని చదువుకో.

ముందు అసలు సంగతి. నీ రేషన్ కార్డు బొబ్బిలిదే అయినా బియ్యం బొబ్బిలిలోనే తీసుకోవాలని ఎక్కడా లేదు. మన ఆంధ్రాలో ఏ రేషన్ డిపోకైనా వెళ్ళి తీసుకోవచ్చు, దీన్ని పోర్టబిలిటీ అంటారు. ఒకే దేశం ఒకే రేషన్ కార్డు అని పెట్టాక వేరే రాష్ట్రమోళ్ళు కూడా ఇక్కడ తీసుకోవచ్చు, మా వీధిలో మేస్త్రీ పనికొచ్చిన ఒడిశా కుర్రాళ్ళు అలాగే తీసుకుంటారు, తెలుగు నాలుగు ముక్కలు కూడా రావు వాళ్ళకి, నీకేమొచ్చింది. మీ ఇంటికి దగ్గర డిపో ఎక్కడో పక్కింటావిడ్ని అడుగు, కార్డు తీసుకుని వెళ్ళు, మెషిన్ మీద వేలిముద్ర వెయ్, అంతే. ఆ కార్డు ఏటీఎం కార్డంత ఉంటుంది, 2025 ఆగస్టులో ఇవ్వడం మొదలెట్టారే, క్యూఆర్ కోడ్ ఉంటుంది, అదే. నన్నడిగితే ఒక ఫోటో తీసి ఫోన్లో కూడా పెట్టుకో.

కానీ ఒక మెలిక ఉంది, ఇది జాగ్రత్తగా చదువు. మీ కార్డులో నువ్వు, మీ ఆయన, ఇద్దరు పిల్లలు, మీ అత్తగారు, మొత్తం ఐదుగురు. మనిషికి ఐదు కేజీల లెక్కన పాతిక. ఇంట్లో ఎవరో ఒకళ్ళు వేలేస్తే చాలు అందరిదీ వచ్చేస్తుంది. అంటే అక్కడ మీ అత్తగారు ఒకటో తారీఖున డిపోకెళ్ళి వేలేసి బియ్యం తెచ్చేసుకుందనుకో, నువ్విక్కడ వేలేసినా మెషిన్‌లో ఈ నెలది అయిపోయిందనే వస్తుంది. డీలర్ మీద అరిచి లాభం లేదు. అందుకని ముందే ఆవిడతో మాట్లాడుకో, మెత్తగా మాట్లాడు, "బియ్యం నువ్వే తీసేస్తున్నావ్" అన్నట్టు కాకుండా. ఆవిడ వాటా ఐదు కేజీలు ఆవిడకి ముట్టేలా చూడు, నెలనెలా ఆ బియ్యం ఖరీదు పంపినా సరే, ఎవరైనా ఊరెళ్తుంటే సంచిలో పంపినా సరే. నా కోడలు కొత్తలో ఇలాంటి విషయానికే నాతో నెల్లాళ్ళు మాట్లాడలేదు, ఇప్పుడు తలుచుకుంటే నవ్వొస్తుంది గానీ అప్పుడు ఐదు కేజీల బియ్యం దగ్గర ఇల్లు రెండు పొయ్యిలయ్యింది. తర్వాత వార్డు సచివాలయంలో అప్లై చేసి కార్డు విడగొట్టుకున్నాం. మీకూ ఇక్కడే స్థిరపడిపోదామని ఉంటే అడ్రస్ మార్పు, పేర్లు కలపడం, తీయడం, విడగొట్టడం అన్నీ సచివాలయంలోనే అడుగు. వాట్సాప్‌లో గవర్నమెంటుది మన మిత్ర అని ఉంది, 9552300009, అందులో కూడా రైస్ కార్డు, అంటే ఈ రేషన్ కార్డు సేవలున్నాయి, మీ ఆయన్ని చూడమను. ఈ పనికి మధ్యలో ఎవడైనా "నేను చేయించిపెడతా రెండు వేలివ్వు" అంటే గుమ్మం ఎక్కనివ్వకు.

ఇప్పుడు ఎప్పుడెళ్ళాలో చెప్తా. ఒకటో తారీఖు నుంచి పదిహేను దాకా ఇస్తారు, పొద్దున్న ఎనిమిది నుంచి పన్నెండు, సాయంత్రం నాలుగు నుంచి ఎనిమిది, ఆదివారమూ ఉంటుంది. మొన్నమొన్నటిదాకా నువ్వు చూసింది బండి రోజులు కాబట్టి ఇంకా బండొస్తుందని వీధిలో చూస్తున్నావేమో, 2021 జనవరిలో వచ్చిన ఆ రేషన్ బళ్ళు 2025 జూన్ ఒకటి నుంచి లేవు, మళ్ళీ డిపోలే. బండే నయమని కొందరు, డిపోయే నయమని కొందరు, మా వీధి కుళాయి దగ్గర ఈ గొడవ ఇప్పటికీ అవ్వలేదు. నాకైతే డిపోయే నయం, బండి ఏ రోజొస్తుందో తెలీక ఇడ్లీ బండి వదిలేసి పరిగెత్తిన రోజులు నాకు గుర్తే.

పదిహేను దాకా టైముంది కదా అని పద్నాలుగున వెళ్ళకు. నీది వేరే ఊరి కార్డు కదా, ఆ డిపోకొచ్చే సరుకు అక్కడి కార్డుల్ని బట్టి వస్తుంది, చివర్లో వెళ్తే "స్టాక్ లేదమ్మా, వేరే డిపోకెళ్ళు" అంటాడు, ఆ వేరే డిపోవాడూ అదే అంటాడు. అలాగని ఒకటో తారీఖు పొద్దున్నే కూడా వెళ్ళకు, అందరూ అప్పుడే వస్తారు, సర్వర్ తిరుగుతూనే ఉంటుంది. మూడు నాలుగు తారీఖుల్లో, సాయంత్రం నాలుగున్నరకి, చంటిదానికి కాస్త పాలు పట్టేసి వెళ్ళు. ఈ నెల తీసుకోనిది వచ్చే నెలలో కలిపి ఇవ్వరు, పోయినట్టే. వరసగా మూడు నెలలు తీసుకోకపోతే కార్డు ఆగిపోతుందని కూడా కొత్త కార్డులిచ్చినప్పుడు చెప్పారు, కాబట్టి ఊరెళ్ళాం మర్చిపోయాం అని నెలలు వదిలెయ్యకు.

వేలిముద్ర గురించి నేను చెప్పాల్సిందే, ఎందుకంటే ఆ బాధ నేను పడ్డాను. ముప్ఫై ఏళ్ళు ఇడ్లీ పాత్రలు బూడిదేసి, చింతపండేసి తోమిన చేతులు నావి, గీతలేవి ఇంకా. ఒకసారి బొటనవేలు పెడితే పడదు, చూపుడువేలు పెడితే పడదు, వెనకాల లైన్లో వాళ్ళు "కానివ్వమ్మా" అంటున్నారు, నాకు ఏదో దొంగతనం చేసినట్టు చెమటలు. ఆ చెమటకి అస్సలు పడలేదు. మూడోరోజు వెళ్తే డిపో దగ్గర కూర్చున్న ఒక కుర్రాడు చెప్పాడు, అమ్మమ్మా వేడినీళ్ళతో చెయ్యి కడుక్కుని గుడ్డతో పొడిగా తుడిచి, ఉంగరం వేలు పెట్టు, గట్టిగా నొక్కకు, ఊరికే ఆనించు అని. టక్కున పడింది. ఇప్పటికీ నాది ఉంగరం వేలే. నీకూ ఏ వేలు బాగా పడుతుందో మొదటిసారే చూసుకుని గుర్తుపెట్టుకో. గోరింటాకు, గిన్నెల సబ్బు జిడ్డు, ఎండిన పిండి, ఇవన్నీ ఉంటే పడదు. వేళ్ళేవీ పడకపోతే కన్ను పెట్టి చూసే ఐరిస్ మిషన్ అడుగు, "లేదు పో" అంటే వెంటనే వచ్చెయ్యకు.

ఈకేవైసీ అని ఒకటుంది, కార్డులో ఉన్న ప్రతివాళ్ళూ ఒకసారి వేలేసి తామే అని చూపించుకోవాలి. ఐదేళ్ళలోపు పిల్లలకి అక్కర్లేదు. నీ పెద్దోడికి ఐదు దాటాయి కదా, వాడి ఆధార్‌లో వేలిముద్రలు ఎక్కించారా? చిన్నప్పుడు తీసిన ఆధార్‌లో వేలిముద్రలుండవు, ఐదేళ్ళు నిండాక ఒకసారి, పదిహేనేళ్ళు నిండాక ఇంకోసారి ఆధార్ సెంటర్లో వేయించాలి. అది చేయించకుండా డిపోలో వాడి వేలు నొక్కిస్తే ఎలా పడుతుంది.

తూకం దగ్గర మొహమాటపడకు. కాటా మీద సున్నా చూసి అప్పుడు సంచి పెట్టనివ్వు. ఒకచోట నాకు ఐదు కేజీలని ఇచ్చింది ఇంటికొచ్చి కిరాణాకొట్టులో తూయిస్తే నాలుగుంపావు, మర్నాడు స్లిప్పు పట్టుకెళ్ళి అందరి ముందూ అడిగితే సంచి తీసుకుని ముప్పావు కేజీ పోశాడు, మాట్లాడలేదు. ఆ స్లిప్పు ఇవ్వకుండా పంపిస్తే అడిగి తీసుకో, అందులో ఎంత ఇచ్చినట్టు రాశారో చూసుకో. బియ్యానికి రూపాయి కూడా ఇవ్వక్కర్లేదు, 2023 జనవరి నుంచి ఉచితం, 2024 నుంచి ఇంకో ఐదేళ్ళకి పొడిగించారు. పంచదార ఇస్తే దానికి మాత్రం డబ్బు కట్టాలి. తేడా వస్తే 1967 కి ఫోన్ చెయ్, డబ్బులు పడవు. రామారావు గారు 1983లో కేజీ రెండ్రూపాయలు చేసినప్పుడు మా అమ్మ ఆ బియ్యం తెచ్చి నేల మీద పోసి దణ్ణం పెట్టింది, అప్పటిదాకా మా ఇంట్లో రాత్రిపూట అంబలే.

ఇంకోటి, డీలర్ "వేలేసి వెళ్ళమ్మా, బియ్యం బదులు డబ్బులిస్తా" అంటాడు, లేదా బైకు మీద సంచులేసుకుని ఎవడో వీధిలోకి వస్తాడు. ఇవ్వకు. లావు బియ్యం తినలేకపోతున్నాం పెద్దమ్మా అంటావేమో, అన్నానికి కాకపోతే ఇడ్లీకి, దోసెకి, ఉప్మా నూకకి ఆ బియ్యమే మేలు, ముప్ఫై ఏళ్ళు వ్యాపారం చేసి చెప్తున్నా. రాత్రి అన్నంలో గంజి పోసి తరవాణి పెట్టి చూడు, సన్నబియ్యం దానికి పనికే రావు. కడిగినప్పుడు కొన్ని గింజలు తెల్లగా తేలితే ప్లాస్టిక్ అని పారబొయ్యకు, అవి ఐరన్, ఫోలిక్ యాసిడ్, బీ12 కలిపి చేసిన గింజలు, వంద కేజీలకి ఒక కేజీ లెక్కన కలిపినవి. మా పక్కావిడ ఏడాదిపాటు వాటిని ఏరి కోళ్ళకేసింది, కోళ్ళు బలిశాయి, ఆవిడకి రక్తం తక్కువని డాక్టర్ మాత్రలు రాశాడు.

నాకైతే డిపోకి వెళ్ళే పనే లేదిప్పుడు. అరవై ఐదు దాటినవాళ్ళకి, దివ్యాంగులకి ముందు నెల ఇరవయ్యారు నుంచి ముప్ఫై లోపు ఇంటికే తెస్తున్నారు, నా ఐదు కేజీలు నెల మారకముందే వచ్చేస్తాయి. మీ అత్తగారికి అరవై ఐదు నిండాయేమో, కార్డు విడగొట్టేటప్పుడు అది కూడా సచివాలయంలో అడగండి.

ఈసారి డీలర్ తెచ్చాక నీకు ఫోన్ చేస్తా. ఒక్కదాన్ని ఐదు కేజీలు ఏం తింటాను, రెండు కేజీలు నీకు పక్కన పెడతాను, వచ్చేటప్పుడు గట్టి సంచి తెచ్చుకో, మొన్న నువ్వు తెచ్చిన దానికి అడుగున చిల్లు, మెట్లంతా బియ్యమే.